నీలి కాగితం, పైడమ్మ పప్పుచారు

ఈ వ్యవహారమంతా ఒక ప్యాంటుతో మొదలైంది.

ప్యాంటు మా ఊరిది కాదు. ఎక్కడో మరో జిల్లాలో, తనిఖీకి వచ్చిన ఒక పెద్ద అధికారి హైస్కూలు లేబరేటరీలో బల్లకు ఆనుకుని నిలబడి, పిల్లలకు పరిశీలనాశక్తి గురించి చెబుతుండగా, బల్ల మీద ఒలికి ఉన్న ఆమ్లం తగిలి ఆయన ప్యాంటుకు రూపాయి బిళ్ళంత రంధ్రం పడిందట. ఒంటికి ఏమీ కాలేదు. రంధ్రం వెనకవైపు కావడం వల్ల ఆయనకు తెలియలేదు. పిల్లలు పరిశీలించారు గానీ చెప్పలేదు. సాయంత్రం ఇంటికి వెళ్ళాక భార్య చెప్పింది. నెల తిరక్కుండా రాష్ట్రంలోని ఉన్నత పాఠశాలలన్నిటికీ ఉత్తర్వు వచ్చింది.

ఇవన్నీ నాకెలా తెలుసంటే, మా గుమ్మలపేట హైస్కూలు తల్లిదండ్రుల కమిటీలో నేను సభ్యురాలిని. మా అమ్మాయి ఉజ్వల అక్కడ పదో తరగతి. కమిటీలో విద్యాధికురాలైన తల్లి ఒకరు ఉండాలని నియమం. ఇరవై రెండేళ్ళ కిందట కెమిస్ట్రీతో బీఎస్సీ ప్యాసై, ఆ కెమిస్ట్రీని పోపుల డబ్బా దగ్గర తప్ప ఎక్కడా వాడని నేను ఆ ఖాళీలో సరిగ్గా సరిపోయాను.

శనివారం మధ్యాహ్నం హెడ్మాస్టరు గారి గదిలో సమావేశం. హెడ్మాస్టరు సన్యాసిరావు గారు నెమ్మదస్తులు, నిష్ఠాపరులు. రిజిస్టర్లకు ఆయనే స్వయంగా గోధుమరంగు కాగితంతో అట్టలు వేస్తారు, ఎర్ర ఇంకుతో మార్జిన్లు గీస్తారు. ఒక గీత వంకర పోతే ఆ రోజు ఆయన సరిగా భోంచేయరు. ఉత్తర్వును ఆయన లేచి నిలబడి చదివారు.

"విషయము, పాఠశాలలను ఆమ్ల రహితముగా తీర్చిదిద్దుట గురించి. ఇకపై పాఠశాల ఆవరణలో ఏ రూపమునను, ఏ పరిమాణమునను ఆమ్లము ఉండరాదు. ఆమ్లమనగా నీలి లిట్మస్ కాగితమును ఎర్రగా మార్చు ఏ పదార్థమైనను అని గ్రహించవలెను. పదవ తరగతి పాఠ్యాంశమగు 'ఆమ్లముల ధర్మములు' మాత్రము యథావిధిగా బోధించవలెను."

సైన్సు చెప్పే హైమవతి టీచరు చెయ్యెత్తారు. "ఆమ్లం లేకుండా యథావిధిగా ఎలాగండీ?"

"ఇంతకు ముందు ఎలా చెప్పేవారో అలాగే చెప్పండమ్మా."

"ఇంతకు ముందూ లేకుండానే చెప్పానండి. ఆ సీసా మూత రాదు."

"అయితే ఇబ్బందేమీ లేదన్నమాట," అని సన్యాసిరావు గారు మినిట్సు పుస్తకంలో 'ఇబ్బంది లేదు' అని రాసుకున్నారు.

అప్పుడే టీ గ్లాసులతో పైడమ్మ లోపలికి వచ్చింది. పద్నాలుగేళ్ళుగా ఆ బడిలో మధ్యాహ్న భోజనం వండేది ఆవిడే. ఆ పొయ్యి మీదే కూతుర్ని నర్సింగు దాకా చదివించింది. పప్పుచారు ఉన్న రోజున మా బడిలో హాజరు నూటికి తొంభై ఆరు. ఈ లెక్క నేను చెబుతున్నది కాదు, సన్యాసిరావు గారు ప్రత్యేకంగా ఒక రిజిస్టరులో రాసి పెట్టారు.

"యాసిడ్డంటే బాత్రూముల్లో పోసీదే కదండీ?" అంది పైడమ్మ, నా చేతికి గ్లాసు ఇస్తూ.

"అదే. నీకేం సంబంధం లేదులే," అన్నారు హెడ్మాస్టరు గారు.

సంబంధం అప్పటికి లేదు.

మొదట సీసా సంగతి చూడాల్సి వచ్చింది. లేబరేటరీ బీరువాలో ఉన్న ఆమ్లం మొత్తం ఆ ఒక్క సీసా. ఉజ్వల పుట్టకముందు వచ్చింది. గాజు బిరడా సీసా మూతికి అతుక్కుపోయి, ముగ్గురు సైన్సు టీచర్లు ప్రయత్నించి బదిలీ అయి వెళ్ళినా కదల్లేదు. గోతిలో పూడుద్దామన్నారు ఎవరో. గొయ్యి కూడా ఆవరణలోనే ఉంటుంది కదా అని నేను అన్నాను. చివరికి పక్క ఊరి జూనియర్ కాలేజీకి అప్పగించాలని తీర్మానం చేశాం. ఉత్తర్వులో కాలేజీల ప్రస్తావన లేదు. సన్యాసిరావు గారే ఆటోలో తీసుకువెళ్ళారు. సీసాను ఒళ్ళో పెట్టుకుని, ముందు జాగ్రత్తగా ప్యాంటు మీద గోనెసంచీ కప్పుకున్నారు. అక్కడి వాళ్ళు రసీదు ఇచ్చారట, మూత తీయమని మాత్రం ఆయన్ని అడగలేదట.

ఆ వారం మా ఉజ్వల బడి నుంచి వచ్చి పుస్తకాల సంచీ కుర్చీలో పడేసి అంది, "అమ్మా, ఇవాళ ఆమ్లాల ధర్మాలు చెప్పారు."

"ఎలా చెప్పారు?"

"టీచరు గ్లాసులో నీళ్ళు తెచ్చి దీన్ని ఆమ్లం అనుకోండి అన్నారు. అట్టకి వేసుకునే నీలం కాగితం ముక్క చూపించి దీన్ని లిట్మస్ అనుకోండి అన్నారు. ముంచి, ఎర్రగా మారింది అనుకోండి అన్నారు. వెనక బెంచీ నుంచి రేవతి లేచి, పరీక్షలో మార్కులొచ్చాయని కూడా అనుకోమంటారా టీచర్ అనడిగింది."

"ఏమన్నారు?"

"కూర్చో అన్నారు. నవ్వాపుకున్నారులే."

ఆ తరువాత పదిరోజులకు లిట్మస్ వచ్చింది. రెండు అట్టపెట్టెల నిండా నీలి లిట్మస్ పుస్తకాలు. ఒక్క లిట్మస్ పుస్తకం ఇప్పించండని హైమవతి టీచరు తొమ్మిదేళ్ళుగా ఏటా అర్జీ పెడుతూ వచ్చారు. ఆమ్లం ఉన్నన్నాళ్ళూ లిట్మస్ లేదు. ఆమ్లం వెళ్ళిపోయాక రెండు పెట్టెలు వచ్చాయి. ఇవి పాఠం చెప్పడానికి కాదనీ, ఆవరణలోకి వచ్చే పదార్థాలను తనిఖీ చేయడానికి మాత్రమేననీ పెట్టె మీదే అచ్చువేసి ఉంది.

మర్నాటి నుంచి సన్యాసిరావు గారు బడి గేటు దగ్గర కుర్చీ వేసుకుని కూర్చున్నారు. మధ్యాహ్నం బడిలోనే భోజనం పెట్టినా, మా పిల్లలెవరూ వట్టి చేతులతో రారు. పుస్తకాల మధ్య పొట్లంలో ఉప్పూకారం, చింతకాయలు, ఉసిరికాయలు, ఇంటి నుంచి నిమ్మకాయ పచ్చడి ముక్క, సీసాలో మజ్జిగ. మొదటిరోజే ముప్పై నాలుగు పట్టుబడ్డాయి. ప్రతి పదార్థానికీ ఒక కాగితం ముక్క తడిపి, ఎర్రబడగానే పిల్ల పేరు, తండ్రి పేరు, పదార్థం పేరు రాసి, ఆ తడి ముక్కను రుజువుగా రిజిస్టరులో అతికించడం. తొమ్మిదో తరగతి పిల్ల ఒకతి అరటిపండు తెచ్చింది. అదీ కాస్త ఎర్రబడింది. ఆ పిల్ల బడి గేటు అవతల నిలబడి, ఆ పండంతా తినేసి, మూతి తుడుచుకుని లోపలికి వచ్చింది. లోపలికి వచ్చిన ఆమ్లం పిల్ల కడుపులో ఉందా లేదా అన్న విషయమై హెడ్మాస్టరు గారు కాసేపు ఆలోచించి, ఉత్తర్వు మళ్ళీ ఒకసారి చదువుకుని, పిల్లను పదార్థంగా పరిగణించడం కుదరదని తేల్చారు.

పక్షపాతం ఉండకూడదని పన్నెండింటికి తను తాగే మజ్జిగ చెంబులో కూడా ఆయన కాగితం ముంచారు. ఎర్రబడింది. స్వాధీనం చేసుకున్నవారు, ఇచ్చినవారు అన్న రెండుచోట్లా ఆయనే సంతకం చేశారు.

స్వాధీనం చేసుకున్నవన్నీ ఎక్కడ పెట్టాలి? తాళం ఉన్న బీరువా ఒక్కటే ఉంది, లేబరేటరీలో. సీసా ఖాళీ చేసిన అరలో వాటిని సర్దించారు. ఆ బడి పుట్టి నలభై ఏళ్ళయింది, ఆ బీరువాలో అన్ని ఆమ్లాలు ఎన్నడూ లేవు. చింతకాయలో టార్టారిక్, నిమ్మలో సిట్రిక్, మజ్జిగలో లాక్టిక్. వారం తిరిగేసరికి జామకాయలు కూడా చేరాయి. హైమవతి టీచరు తాళం చెవి అడిగి తీసుకుని, 'స్వాధీన వస్తువుల పరిశీలన' అని పుస్తకంలో రాసి, రోజూ ఒక పీరియడు పదో తరగతిని లేబరేటరీలో కూర్చోబెట్టారు. భోజనంలో పెట్టే గుడ్ల పెంకులు పిల్లల చేత ఏరించి, నిమ్మరసంలో వేయించారు. పెంకు చుట్టూ బుడగలు లేచాయట. ఆ బుడగల్లోని గాలిని వెలుగుతున్న అగ్గిపుల్ల దగ్గరకు తెస్తే మంట ఆరిందట. ఆ సాయంత్రం ఉజ్వల మా ఇత్తడి చెంబును చింతపండు పెట్టి రుద్దుతూ, "ఇది ఎందుకు మెరుస్తుందో తెలుసా? పైనున్న ఆక్సైడుతో ఆమ్లం చర్య జరుపుతుంది," అని నాకు పాఠం చెప్పింది. నాకు తెలుసని చెప్పలేదు. చెంబు ఎలాగూ తోమాలి.

అలా అంతా సవ్యంగా సాగుతుండగా సన్యాసిరావు గారికి ఒక ఆలోచన వచ్చింది. గేటు దగ్గర పిల్లల పొట్లాలు పట్టుకుంటూ, ఆవరణ లోపల ఇరవయ్యేసి లీటర్ల పప్పుచారు కాచనివ్వడం న్యాయమేనా అని. ఆ రోజు నేను కమిటీ సంతకాల కోసం బడికి వెళ్ళి ఉన్నాను. ఆయన వెనకే వంటపాకలోకి నడిచాను.

"అమ్మా పైడమ్మా, నియమం అందరికీ ఒకటే," అన్నారాయన, గరిటెలోకి కాగితం ముక్క దించుతూ.

కాగితం ఎర్రబడింది. మంచి చింతపండు వాడుతుంది పైడమ్మ.

"ఎర్రబడితే ఏటండీ?"

"ఆమ్లం ఉన్నట్టు."

"పులుపుందండి. పులుపు లేకపోతే పప్పుచారు ఎలాగవుద్ది? పప్పునీళ్ళవుద్ది."

"ఆ మాటే నేను రాస్తాను," అన్నారాయన జాలిగానే. రాశారు కూడా. ఆ రాసినదాని మీద నాలుగోరోజున జిల్లా ఆఫీసు నుంచి పైడమ్మ పేర మొదటి మెమో వచ్చింది. ఇలాంటివి మూడు వస్తే వంట ఏజెన్సీ రద్దు. ఆ తరువాత పిల్లలకు భోజనం పాతిక కిలోమీటర్ల దూరంలో ఉన్న కేంద్ర వంటశాల నుంచి వ్యానులో వస్తుంది. పైడమ్మ ఇంట్లో కూర్చుంటుంది.

మరి ఏం వండాలో చెప్పమని కమిటీ తరఫున జిల్లా సమన్వయాధికారికి ఫోను చేశాం. ఆయన పేరు జోగారావు గారు. ఆమ్ల రహిత పథకానికి ఆయనే జిల్లాలో బాధ్యులు. సన్యాసిరావు గారు ఫోనును బల్ల మీద పెట్టి స్పీకరు నొక్కారు.

"దీనికి టెక్స్ట్‌బుక్కులోనే సొల్యూషన్ ఉందండీ. న్యూట్రలైజేషన్. తటస్థీకరణం. ఆమ్లం ప్లస్ క్షారం ఈజ్ ఈక్వల్ టు లవణం ప్లస్ నీరు. వంటసోడా కలపండి, లిట్మస్ నీలంగా ఉండే వరకు. ఇట్ ఈజ్ వెరీ సింపుల్."

"సార్, పప్పుచారులో సోడా కలిపితే రుచి..." అన్నాను నేను.

"మేడం గారూ, మీరు పప్పుచారు అనుకోవద్దు. ప్రాసెస్ అనుకోండి."

మర్నాడు ప్రాసెస్ చూడడానికి పదో తరగతి పిల్లలంతా కిటికీల దగ్గర చేరారు. పైడమ్మ సోడా గుప్పెడు తీసి మరుగుతున్న గుండిగలో వేసింది. పప్పుచారు ఒక్కసారి పొంగి, గుండిగ అంచు దాటి, నాలుగు వైపులా దిగి పొయ్యిని ఆర్పేసింది. పిల్లలు చప్పట్లు కొట్టారు. "కార్బన్ డయాక్సైడ్," అన్నారు ముక్తకంఠంతో. కార్బన్ డయాక్సైడ్ పొయ్యి ఆర్పిందా, పప్పుచారే ఆర్పిందా అన్నదాని మీద రేవతికీ ఉజ్వలకూ వాదన జరిగింది. హైమవతి టీచరు కళ్ళలో నీళ్ళు తుడుచుకుంటూ నిలబడ్డారు. పొగకు అనుకున్నాను. తరువాత తెలిసింది, తొమ్మిదేళ్ళలో ఆ పాఠం అంత బాగా ఎన్నడూ నడవలేదట.

గుండిగలో మిగిలింది పిల్లలకు వడ్డించారు. బట్టల సబ్బు నానబెట్టిన నీళ్ళ రుచి. నేను తిన్నాను కనుక చెబుతున్నాను.

గురువారం పులిహోర. ముందు జాగ్రత్తగా పైడమ్మ చింతపండు గుజ్జులోనే సోడా వేసి బాగా ఉడికించింది. పసుపు కలిపి అన్నం మీద పోసేసరికి పచ్చటి పులిహోర కాస్తా పారాణి రంగుకు తిరిగింది. క్షారం తగిలితే పసుపు ఎర్రబడుతుంది. పసుపు సహజ సూచిక అని పుస్తకంలో నాలుగో పేజీలో ఉంది. పైడమ్మ ఆ పేజీ చదవకపోయినా పసుపులో సున్నం కలిపిన చెయ్యే కనుక గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

"ఒలమ్మా, పెళ్ళికూతురి కాళ్ళకి రాయాల్సింది కంచాల్లో ఎలా ఎట్టీది?" అంది.

ఆ రోజు ఎనభై ఏడు కంచాలు నిండుగా వెనక్కి వచ్చాయి. పిల్లలు భోజనం చేయడం లేదు కనుక వంట ఏజెన్సీ సంజాయిషీ ఇవ్వాలని రెండో మెమో వచ్చింది.

మర్నాడు నేను ఇంట్లో మినప్పప్పు ఎండబెడుతుంటే పైడమ్మ వచ్చింది. గుమ్మం దగ్గరే కూర్చుంది. రెండు మెమోలనూ చీర చెంగులోంచి తీసి, మడతలు విప్పి, నేల మీద పక్కపక్కన పెట్టింది.

"ఎర్రబడితే ఈ కాయితం. ఎర్రబడకుండా సేస్తే ఈ కాయితం. మూడోది ఎలా వత్తాదో మీరు సెప్పండమ్మగారూ. మీరు సదువుకున్నోరు."

"జోగారావు గారు ఎప్పుడొస్తున్నారు?"

"వచ్చీ శుక్కురారమట. ఆరొచ్చి సూసి సంతకం ఎడితే ఇంక వేనే." మెమోల మడతలు అరచేత్తో సాపు చేసింది. "వేనులో వచ్చీ కూడు సూసారా మీరు? సారవకోటలో మా సెల్లెలి మనవలు తింతారు. పొద్దుట ఆరింటికి వొండితే పన్నెండుకి వత్తాది. ఆళ్ళకీ నీలం కాయితం ముంచుతారేటి?"

"వాళ్ళ వంటశాల బడి ఆవరణలో లేదుగా."

"అదీ సంగతి," అని మెమోలు మళ్ళీ మడిచి చెంగున ముడి వేసుకుంది. "నాను పులుపు మానీలేనమ్మగారూ. మానేసి ఆ ముండా సోడా వొండితే పిల్లలు నా మొకం సూత్తన్నారు. తిట్టినా బాగున్ను. ఆళ్ళు ఏటీ అనరు."

ఆవిడ వెళ్ళాక మినప్పప్పు అలా వదిలేసి, ఉజ్వల సైన్సు పుస్తకం తీసి ఆ పాఠం మొదటి నుంచి చదివాను. ఇరవై రెండేళ్ళలో పాఠం పెద్దగా మారలేదు. చివరి పేజీ దగ్గర ఒక ప్రయోగం ఉంది. దాన్ని రెండుసార్లు చదివి, చీర మార్చుకుని బడికి వెళ్ళాను.

సన్యాసిరావు గారు గదిలో ఒంటరిగా కూర్చుని రిజిస్టరు విప్పడానికి ప్రయత్నిస్తున్నారు. రిజిస్టరు విప్పుకోవడం లేదు. నెలరోజులుగా చింతపండు రసంలో, మజ్జిగలో, పచ్చడి నూనెలో ముంచిన కాగితం ముక్కలన్నీ అందులో అతికి ఉన్నాయి. పేజీలు ఒకదానికొకటి అంటుకుపోయాయి. మార్జిను గీతలు కరిగి గులాబీరంగు మరకలయ్యాయి. గోధుమరంగు అట్ట మీద చీమలు బారులు తీరాయి. ఆయన స్కేలు అంచుతో ఒక్కో పేజీనీ విడదీస్తుంటే చిరుగుతోంది.

"ముప్పై ఒక్క ఏళ్ళ సర్వీసులో ఇలాంటి రిజిస్టరు నా చేతి మీదుగా వెళ్ళలేదు మేడం గారూ," అన్నారు.

"శాశ్వత రికార్డు కదండీ ఇది," అన్నాను నేను, ఎదురు కుర్చీలో కూర్చుని.

"శాశ్వత రికార్డే."

"పై నుంచి ఎవరైనా అడిగితే?"

ఆయన స్కేలు కింద పెట్టేశారు.

"తప్పు కాగితానిది కాదండీ, తడిది," అన్నాను. "కాగితం ముక్కలు పొడిగా ఉంటే పేజీలు ఎందుకు అంటుకుంటాయి? లిట్మస్‌ను తడపకుండా పరీక్షించడానికి అనుమతి ఇవ్వమని రాసి చూడండి. రికార్డు పరిరక్షణ దృష్ట్యా అని."

ఏదో పుస్తకం కోసం వచ్చిన హైమవతి టీచరు గుమ్మంలో ఆగిపోయారు. "తడపకుండానా? పొడి లిట్మస్ మీద ఆమ్లం అసలు..." అని మొదలుపెట్టారు.

"టీచరు గారూ, ఆ చివరి పేజీ పిల్లలకు చెప్పారా ఇంకా?" అన్నాను.

టీచరు నా వైపు చూశారు. రిజిస్టరు వైపు చూశారు. "లేదండీ, రేపు చెబుతాను," అని పుస్తకం తీసుకోకుండానే వెళ్ళిపోయారు.

రికార్డు పరిరక్షణ అన్న మాట సన్యాసిరావు గారికి ఎంతో నచ్చింది. నాలుగు పేజీల లేఖ రాసి, చిరిగిన పేజీల ఫోటోలు జతచేసి జోగారావు గారి ఆఫీసుకు పంపారు. అన్నం గురించి రాస్తే జవాబు రావడానికి ఎన్నాళ్ళు పట్టేదో తెలియదు. రిజిస్టరు గురించి రాశారు కనుక మూడోరోజే వచ్చింది.

"పై సూచిక లేఖ మేరకు, తడి నమూనాల మూలముగా శాశ్వత రికార్డులకు అపార నష్టము వాటిల్లుచున్నట్లు గుర్తించడమైనది. కావున ఇకపై జిల్లాలోని అన్ని పాఠశాలలలో స్పర్శరహిత పద్ధతిని అనుసరించవలెను. అనగా, పొడి లిట్మస్ కాగితమును పదార్థమునకు నాలుగు అంగుళముల ఎత్తున అర నిమిషము పట్టి ఉంచి, రంగు మారినదో లేదో నమోదు చేసి, సదరు కాగితమును పొడిగానే అతికించవలెను. తడి కాగితముతో వచ్చిన ఫలితము చెల్లనేరదు."

నేను అడిగింది పొడి ఒక్కటే. నాలుగు అంగుళాల ఎత్తు ఆఫీసు వారు తమంతట తాము దయచేసినది.

శుక్రవారం నాడు జోగారావు గారు పదకొండున్నరకు జీపు దిగారు. పొడవాటి మనిషి, తెల్ల ప్యాంటు. లేబరేటరీ బల్ల జోలికి పోలేదు. నేరుగా వంటపాకలోకి వచ్చారు. పైడమ్మ ఆ రోజు పాత లెక్క ప్రకారమే వండింది. చింతపండు చూసి వెయ్యమని నేను చెబితే, "పోతే పులుసుతోనే పోతాను," అని రెండు గుప్పెళ్ళు ఎక్కువే పిసికింది. పాక అంతా ఇంగువ వాసన.

జోగారావు గారు జేబులోంచి చిన్న స్కేలు తీశారు. సన్యాసిరావు గారు కొత్త రిజిస్టరుతో, కొత్త మార్జిన్లతో పక్కన నిలబడ్డారు. స్కేలును గుండిగ మీద నిలువుగా పట్టి, నాలుగు అంగుళాల దగ్గర నీలి కాగితం ఉంచి, ఉజ్వలను గడియారం చూడమన్నారు. కమిటీ వాళ్ళం, టీచర్లు, కిటికీల దగ్గర పిల్లలు, అందరం ఆ కాగితం ముక్కనే చూస్తున్నాం. పైడమ్మ మాత్రం గోడవైపు తిరిగి, ఉత్త గిన్నెను పదే పదే తుడుస్తోంది.

"ముప్పై సెకన్లు సార్," అంది ఉజ్వల.

కాగితం నీలంగా ఉంది.

"చూశారా, కమిట్‌మెంట్ ఉంటే సాధ్యం కానిది లేదు," అన్నారు జోగారావు గారు. "జిల్లాలో ఇది మొదటి హండ్రెడ్ పర్సెంట్ కాంప్లయెన్స్." ఆ కాగితాన్ని ఆయనే స్వహస్తాలతో రిజిస్టరులో అతికించారు. అప్పటికే మంచి ఆకలిగా ఉన్నట్టుంది. "ప్రాసెస్ చేసిన పప్పుచారు రుచి ఎలా ఉంటుందో చూద్దాం," అని కంచం ముందు కూర్చున్నారు.

మొదటి ముద్దకు ఆగిపోయారు. మా ప్రాణాలు కూడా ఆగాయి. తరువాత ఆయన తలెత్తకుండా తిన్నారు. మూడుసార్లు వేయించుకున్నారు. నాలుగోసారి అన్నం వద్దని వట్టి పప్పుచారు గ్లాసులో పోయించుకుని తాగారు. "ఆమ్లం లేకపోయినా పుల్లగానే ఉంటుందన్నమాట," అన్నారు ఆశ్చర్యంగా.

"మా అమ్మ సెయ్యి అండి," అంది పైడమ్మ, గోడవైపు నుంచి తిరక్కుండానే.

సంతకం కోసం సన్యాసిరావు గారు రిజిస్టరు తెరిచి ముందుపెట్టారు. ఎడమచేత్తో గ్లాసు పట్టుకుని కుడిచేత్తో కలం అందుకోబోతుంటే గ్లాసు ఒరిగింది. ఒక్క చుక్క. అది తిన్నగా వెళ్ళి, ఆయన అప్పుడే అతికించిన నీలి కాగితం మధ్యలో పడింది.

చుక్క పడినచోట ఎర్రటి బొట్టు లేచింది. చూస్తుండగా పాకి అంచు దాకా వెళ్ళింది.

కిటికీ దగ్గర రేవతి నోటి మీద చెయ్యి వేసుకుంది. జోగారావు గారు కాగితాన్ని చూశారు, గ్లాసును చూశారు, కలం పట్టుకున్న చేతిని వెనక్కి తీసుకున్నారు. పైడమ్మ చేతిలో గిన్నె ఆగింది. నా చదువంతా కలిపి నాకు ఒక్క మాట తోచలేదు.

సన్యాసిరావు గారు జేబులోంచి రుమాలు తీశారు. కొత్త రిజిస్టరు మీది ఆ తడిని మెల్లగా, మార్జిను చెరిగిపోకుండా అద్దారు. తరువాత తన మామూలు గొంతుతో, హాజరు పిలుస్తున్నట్టు అన్నారు.

"అది తడి కాగితం సార్. తమ సవరణ ప్రకారం తడి ఫలితం చెల్లదు."

జోగారావు గారు ఆయన్ని చూశారు. సన్యాసిరావు గారు కళ్ళు దించలేదు. ఆయన అబద్ధం చెప్పే మనిషి కాదు. చెప్పింది అబద్ధమూ కాదు.

"చెల్లదు," అన్నారు జోగారావు గారు. "కరెక్ట్. చెల్లనేరదు అని నేనే రాశాను." కలం తీసుకుని, ఎర్రటి ముక్క కిందనే 'రంగు మారలేదు' అని రాసి సంతకం పెట్టారు. గ్లాసులో మిగిలింది తాగేసి జీపెక్కారు.

గేటు దగ్గర కుర్చీ ఆ మర్నాటి నుంచి లేదు. నాలుగు అంగుళాల దూరంలో ఏ చింతకాయా పట్టుబడదు కనుక దాని అవసరం లేకపోయింది. పదో తరగతి పరీక్షల్లో 'పొడి లిట్మస్ కాగితం పొడి ఆమ్లంతో రంగు మారదు, కారణం రాయండి' అన్న ప్రశ్న వచ్చింది. మా బడి పిల్లలు ఒక్కరూ దాన్ని వదల్లేదు. నీళ్ళు ఉంటేనే ఆమ్లం తన గుణం చూపిస్తుందని రాశానంది ఉజ్వల. రేవతి మాత్రం ఉదాహరణకు రిజిస్టరును కూడా రాసి వచ్చిందట.

వేసవి సెలవుల ముందు జిల్లా ఆఫీసు నుంచి పార్సిలు వచ్చింది. ఇత్తడి ఫలకం. దాని మీద 'ఆదర్శ ఆమ్ల రహిత పాఠశాల' అని చెక్కి ఉంది. హెడ్మాస్టరు గారి గది గోడకు బిగించారు. వానాకాలం వచ్చి బడి తెరిచేసరికి చెమ్మకు అది నల్లబడిపోయి అక్షరాలు కనిపించడం మానేశాయి. కమిటీ సమావేశానికి నేను వెళ్ళిన రోజున పైడమ్మ స్టూలు ఎక్కి, ముద్దచేసిన చింతపండుతో దాన్ని రుద్దుతోంది. ఆదర్శ వచ్చేసింది. ఆమ్ల రహిత మెరుస్తోంది. పాఠశాల ఇంకా రావలసి ఉంది.

సన్యాసిరావు గారు లోపలికి వచ్చి ఆగారు. ఫలకాన్ని చూశారు. ఆవిడ చేతిలోని ముద్దను చూశారు. నా వైపు కూడా ఒకసారి చూశారు.

"అది తడి చింతపండేనా పైడమ్మా?"

"తడిదేనండి. పొడిది రుద్దితే ఏటి వత్తాది?"

"అయితే లెక్కలోకి రాదు," అని ఆయన కుర్చీలో కూర్చుని రిజిస్టరు తెరిచారు. "అంచులు కూడా రుద్దు."